మూడు గుంటల కబ్జా

సర్వేయర్ సారు గొలుసు చివరి కడియం నేల మీద పెట్టి, చేతిలోని పటం ఒకసారి, మా బోరు ఒకసారి చూసి, మెడలో తువ్వాల తీసి మొహం తుడుచుకున్నాడు. "ఈ బోరు ఎవరిది?" అని అడిగాడు. "మాదే సార్. మేమే వేయించినం" అన్నాను ఛాతీ విరిచి. "వేయించిండ్రు, మంచిదే. కానీ పక్కాయన భూమిల వేయించిండ్రు. ఇగో, మీ హద్దు ఇక్కడికే ఖతం. బోరు పదకొండు అడుగులు అవతల ఉన్నది" అన్నాడు, చాయ్ చల్లారింది అని చెప్పినంత మామూలుగా. మా బాపు హద్దు గెట్టు మీద కూర్చున్నాడు. ఆ బోరు నీళ్ల మీద రెండెకరాల బత్తాయి తోట బతుకుతోంది. ఐదేళ్లు పసిపిల్లల్లా సాకిన చెట్లు ఆ ఏడే తొలి కాపు పట్టాయి. పక్క చేను ఆసామి మాత్రం నిదానంగా బోరు దగ్గరికి నడిచి, కేసింగ్ పైపు మీద చేయి వేసి, సంతలో కొత్తగా కొన్న బర్రెను నిమిరినట్టు నిమిరాడు. "అల్లుడా, మూడు బోర్లేసిన, సుక్క రాలే. నువ్వు ఒక్క దరఖాస్తు పెట్టి నీళ్లు తెచ్చిస్తివి. నీ కడుపు సల్లగుండ!" అన్నాడు. సర్వే చేయమని దరఖాస్తు పెట్టింది నేనే. పెట్టొద్దని బాపు మూడుసార్లు చెప్పాక పెట్టాను.

కొత్త రాష్ట్రం వచ్చి మూడేళ్లు దాటిన కాలం అది. భూమి రికార్డులన్నీ సరిచేసి కొత్త పాసు పుస్తకాలు ఇస్తామని సర్కారు చెప్పడంతో, ఊళ్లలో పెళ్లి మాటలు కూడా పక్కకు పోయి, ఎవరి నోట విన్నా సర్వే నంబర్లే వినిపించేవి. అప్పటిదాకా "ఎట్లున్నవ్ రా?" అని పలకరించినవాళ్లు "నీది ఎక్కిందా?" అని పలకరించడం మొదలుపెట్టారు. (ఎక్కడికి ఎక్కాలో ఎవరూ చెప్పనక్కర లేదు, కొత్త రికార్డులోకే.) దేవరకొండ అవతల, బస్సు పొద్దున ఒకసారి, సాయంత్రం ఒకసారి వచ్చే మా ఊళ్లో నేను సరిగ్గా అదే ఏడు విలేకరినయ్యాను. డిగ్రీ అయింది, ఉద్యోగం లేదు, అక్షరాలు గుండ్రంగా రాస్తాను. మండల విలేకరికి అప్పట్లో ఇంతకన్నా అర్హతలు అడిగేవారు కాదు. పత్రికవాళ్లు ఇచ్చిన గుర్తింపు కార్డు మెడలో వేసుకుంటే స్నానానికి తప్ప తీసేవాణ్ని కాదు. చేనుకు పోయినా కార్డే, గొర్రెలను తోలుకొచ్చినా కార్డే. "గొర్లకు గూడ సూపిస్తున్నవా?" అని అమ్మ అడిగేది. లోకంలో అన్యాయం ఎక్కడున్నా వెలికి తీయాలనే తపన ఉండేది కానీ, మా మండలంలో అన్యాయాలన్నిటినీ నాకన్నా సీనియర్ విలేకరులు ఇద్దరు ముందే పంచుకున్నారు. నా వంతుకు వీధి కుక్కల బెడద, చేతిపంపు మరమ్మతు మిగిలాయి. అందుకని సొంత చేనులోనే ఒక అన్యాయాన్ని కనిపెట్టాను.

మా మెట్ట చెల్క, పక్కవాళ్ల చెల్క ఒకప్పుడు ఒకే దొర కింద ఉండేవి. మా తాత, పక్కాయన తండ్రి ఇద్దరూ ఆ దొర దగ్గర కౌలుకు చేసుకునేవాళ్లు. కౌలుదార్లకే భూమి మీద హక్కు ఇచ్చే చట్టం వచ్చినప్పుడు ఇద్దరికీ కాగితాలొచ్చాయి. ఆ తర్వాత పటంలో ఇద్దరి మధ్య గీత గీశారు. అది బియ్యం చాట అంచులా తిన్నగా ఉంటుంది. నేల మీది గెట్టు మాత్రం పాము పాకినట్టు రెండు వంపులు తిరుగుతుంది. చిన్నప్పటి నుంచి ఆ గెట్టు మీద నడిచాను, వంపు ఎందుకుందని ఒక్కనాడూ అనుకోలేదు. పక్కాయనను ఊరంతా 'నిమ్మలం మామ' అంటుంది. వానొచ్చినా, పత్తికి పురుగొచ్చినా, పెళ్లి బస్సు వదిలేసి పోయినా ఆయన మొదటి మాట "నిమ్మలంగ పోనీ" అనే. వరసకు మా బాపుకు బావ. ఇద్దరూ పొద్దున లేస్తే ఎకసెక్కాలు, మధ్యాహ్నం ఒకే చెట్టు కింద సద్ది. నేను కనిపెట్టబోయే కబ్జాదారు ఈయనే.

ఫోన్ పట్టుకొని చేను చుట్టూ తిరిగితే ఎన్ని ఎకరాలుందో చెప్పే యాప్ ఒకటి అప్పుడే వచ్చింది. దేవరకొండలో ఫోన్ల దుకాణం పిల్లవాడు దాన్ని నా ఫోన్‌లో వేసిచ్చాడు. ఆ ఆదివారమే కొత్తగా కొన్న తెల్ల బూట్లు వేసుకొని, కార్డు వేసుకొని, ఫోన్‌ను పూజ పళ్లెంలా రెండు చేతులతో పట్టుకొని గెట్ల వెంబడి ప్రదక్షిణం చేశాను. పాసు పుస్తకంలో మాది నాలుగెకరాల పన్నెండు గుంటలు. ఫోన్ నాలుగెకరాల తొమ్మిది గుంటలని చూపించింది. మూడు గుంటలంటే ఊళ్లో మూడిండ్లు కట్టుకునేంత జాగా! మా చేనుకు ఒక దిక్కు బండ్ల బాట, ఒక దిక్కు వాగు, ఒక దిక్కు మా సొంత పెదనాయిన. మిగిలింది నిమ్మలం మామే. నిమ్మలంగా, ఏడాదికో సాలు చొప్పున లోపలికి దున్నుకుంటూ వచ్చాడన్నమాట. పేరుకు తగ్గ పని చేశాడనుకున్నాను.

ఇంటికొచ్చి బాపుకు ఫోన్ చూపించాను. బాపు బత్తాయి చెట్లకు పాదులు చేసొచ్చి కాళ్లు కడుక్కుంటున్నాడు. "ఫోన్ కంటే ముందు నేను పుట్టిన. గెట్టు నాకంటే ముందు పుట్టింది. ఊకో" అన్నాడు. "ఊకుంటే మూడు గుంటలు పాయె బాపూ. రేపు కొత్త పుస్తకంల తక్కువెక్కితే?" "ఎక్కనియ్. బావతోని పంచాయితీ పెట్టుకొని మూడు గుంటల మీద తాజ్‌మహల్ కడ్తనా?" అరుగు మీద కందులు చెరుగుతున్న అవ్వ, బాపు తల్లి, చాట ఆపి, "గెట్టు ముచ్చటనా? గా గెట్టు..." అని మొదలుపెట్టింది. "అవ్వా, నీకు తెల్వదు, ఇది టెక్నాలజీ" అన్నాను. అవ్వ నా మొహం వైపు చూసి, పెదవి విరిచి, మళ్లీ చెరుగుడు మొదలుపెట్టింది. తరువాత వృత్తిలో ఎందరినో ప్రశ్నలడిగాను, చెప్పనంటున్నవాళ్ల వెంట కూడా పడ్డాను. తనంతట తాను చెప్పబోయిన సాక్షి నోరు మూయించింది మాత్రం ఆ ఒక్కసారే.

అంతటితో ఆగితే బాగుండేది. మా పత్రిక డెస్కులో ఆ వారం భూమి తగాదాల మీద వార్తలు కావాలన్నారు. నేను రాసి పంపాను. పేర్లు రాయలేదు, అంత బుద్ధి ఉంది. 'కబ్జా కోరల్లో రైతు భూమి' అని వాళ్లు శీర్షిక పెట్టారు. పక్క రైతు అమాయకత్వం నటిస్తూ మూడు గుంటలు మింగాడని, బాధితుడు కన్నీరుమున్నీరవుతున్నాడని నేను రాసింది రాసినట్టే అచ్చయింది. (బాధితుడు ఆ సమయంలో ఉడకబెట్టిన శనగ గుడాలు తింటూ టీవీ చూస్తున్నాడు.) పొద్దున హోటల్ దగ్గర ఒక మూలకు నిల్చుని, నా వార్త ఎవరు చదువుతారా అని చూస్తున్నాను. నిమ్మలం మామే చదివాడు. అక్షరం అక్షరం కూడబలుక్కుంటూ, పది మందికి వినబడేలా చదివి, పేపరు మడిచి, "సూసినవా అల్లుడా! పాపం, ఎవని భూమో ఎవడో మింగిండట. అన్నం తినే పనేనా అది? గిసొంటోన్ని పేరు వెట్టి రాయాలె. నువ్వు రాసినవా ఇది? శబాష్! పేరెందుకు రాయలే?" అని వీపు తట్టాడు. "సాక్ష్యం దొరకాలె గదా మామా" అన్నాను నేల చూస్తూ. "దొరకవట్టు. నేను నీ ఎంబడుంట" అన్నాడు. ఆ పూట నా చాయ్‌కి డబ్బులు కూడా ఆయనే ఇచ్చాడు. ఆ చాయ్ తాగి, ఆ మధ్యాహ్నమే తహసీలులో సర్వేకు దరఖాస్తు పెట్టాను. సర్వేకు నెలలు పట్టే రోజుల్లో, మెడలో కార్డు చూసి పది రోజుల్లో వస్తామన్నారు. కార్డు వల్ల నాకు జరిగిన మొదటి మేలు అదే.

సర్వే రోజు సర్వేయర్ సారు బండి మీద వచ్చాడు. వెనక గొలుసు పట్టే మనిషి. నోటీసు అందుకొని నిమ్మలం మామ కూడా వచ్చాడు, సారుకు తాగడానికి ముంతెడు సల్ల తెచ్చి ఇచ్చాడు. అప్పటికి ఆయనకు విషయం అర్థమైంది కానీ నా మొహం మీద ఏమీ అనలేదు. నాలుగు దిక్కులా కొలిచాక సారు చెట్టు నీడన కూర్చుని లెక్క కట్టి, "గెట్ల లోపల నాలుగెకరాల పన్నెండు గుంటలు. సరిగ్గ ఉన్నది. మూడు గుంటలు తక్కువని ఎట్ల రాసినవ్ తమ్మీ?" అన్నాడు. నేను ఫోన్ తీసి నేను నడిచిన గీత చూపించాను. ఆయన కళ్లద్దాలు పైకి నెట్టి చూసి, "పడమటి మూల తిరగకుండ అడ్డం ఎందుకు కోసినవ్?" అన్నాడు. అందరూ పడమటి మూలకు చూశారు. అక్కడ మనిషెత్తు సర్కారు తుమ్మ గుబురుగా పెరిగి ఉంది. "ముండ్లున్నయ్ సార్" అన్నాను. "ముండ్లుంటే?" "బూట్లు... కొత్తయి సార్." గొలుసు పట్టే మనిషి గొలుసు కింద పడేసి నవ్వాడు. బాపు మొహం అటు తిప్పుకున్నాడు, భుజాలు మాత్రం కదులుతున్నాయి. నిమ్మలం మామ లేచి వచ్చి వంగి నా బూట్లు చూసి, "గీ రెండు బూట్లు మూడు గుంటలు మింగినయా! నన్ను ముట్టుకోనీ అల్లుడా, జెర!" అన్నాడు. అక్కడితో సర్వే ముగిసి ఉంటే అది ఊళ్లో ఒక వారం నవ్వుకునే ముచ్చటయ్యేది. కానీ సారు పనిమంతుడు. పటం ప్రకారం హద్దు కూడా చూస్తానని లేచాడు. విస్తీర్ణం సరిపోయింది, హద్దు సరిపోలేదు. కింద వాగు దిక్కున మా భూమి రెండు గుంటలు మామ చేతిలో ఉంది. పైన బండ దిక్కున మామ భూమి రెండు గుంటలు మా చేతిలో ఉంది. బోరు ఆ పై రెండు గుంటల్లో ఉంది.

బాపు ఆ తోట కోసం ఐదు బోర్లు వేయించాడు. కొబ్బరికాయ అరచేతిలో పెట్టుకొని నీళ్లు చూసే మనిషి మాట మీద రెండు, యంత్రం మాట మీద రెండు, కోపం మీద ఒకటి. ఆరోదానికి నీళ్లు పడ్డాయి. రూల్ ప్రకారం రెండు గుంటలు ఇటు ఇచ్చి రెండు గుంటలు అటు తీసుకోవాలంటే బోరు పోతుంది, బోరు పోతే ఎండాకాలం దాకా తోట కూడా ఉండదు. బాపు నన్ను తిట్టలేదు. తిడితే బాగుండునని అనిపించింది. రెండు రోజులు అన్నం ముందు కూర్చుని మెతుకులు లెక్కపెట్టినట్టు తిన్నాడు. ఆ రెండు రోజులూ నిమ్మలం మామ పొద్దున్నే వచ్చి గెట్టవతల నిల్చుని, "బావా, నా బోరు నిమ్మలంగ ఉన్నదా? రాత్రి మంచిగ పన్నదా?" అని అరిచేవాడు. బాపు నవ్వడానికి ప్రయత్నించేవాడు. మూడో రోజు మామ నిల్చున్నప్పుడు ఆయన ఫోన్ మోగింది. షాద్‌నగర్ కంపెనీలో పనిచేసే కొడుకు. మామకు స్పీకర్ పెట్టకుండా మాట్లాడటం చేతకాదు. "నాయినా, ఇడవకు! దేవుడిచ్చిన బోరు. మన పత్తి పోయి మనం గూడ తోట వెట్టుకుందాం. కాయితం మన దిక్కున్నది. నువ్వు నిమ్మలం నిమ్మలం అని చేసినవంటే నేనే వస్త" అని చేనంతా వినిపించింది. మామ ఫోన్ కట్టేశాడు. ఆ రోజు ఎకసెక్కం చేయలేదు. ఆయన వేసిన మూడు బోర్లలోనూ నీళ్లు పడలేదు, ఆ సంగతి మాకూ తెలుసు. మధ్యాహ్నం ఇద్దరూ గెట్టుకు అటొకరు ఇటొకరు, విడివిడిగా కూర్చుని సద్ది తిన్నారు.

ఇంటికొచ్చాక అవ్వ కాళ్ల దగ్గర కూర్చున్నాను. "అవ్వా, ఆ రోజు గెట్టు గురించి ఏదో అనబోయినవు..." "నాకేం తెల్వది బిడ్డా. నాకు టిక్నాలజీ రాదు గదా" అంది. బతిమాలితే గానీ చెప్పలేదు. దొర భూమి చేతికొచ్చిన ఏడు, తాత, మామ తండ్రి కలిసి గెట్టు వేశారు. పటంలో గీత తిన్నగా ఉంటే ఏం, దారిలో బండ ఉంది, నాగలి తిరగదు. మామ తండ్రికి వాగు దిక్కు నల్లరేగడి మీద మనసు. తాతకు పైన బండ పక్కన కల్లం చేసుకోవడానికి జాగా కావాలి. ఇచ్చిపుచ్చుకున్నారు. మాట తప్పకుండా గెట్టు మలుపులో రాయి పాతి, రాయి కింద బొగ్గులు పోశారు. "బొగ్గును సెదలు తినవు, నీళ్లు కుళ్లవెట్టయ్. కాయితం కంటే గట్టిది. గంపెడు బొగ్గులు నేనే ఎత్తుకపోయిన. నా కొత్త కుండ గూడ పగలగొట్టి పెంకులేసిండ్రు. పెండ్లికి మా అవ్వ వెట్టిన కుండ! అడిగిండ్రా నన్ను? మీ తాత కాలం జేసేదాకా ఆ కుండ ముచ్చట ఇడువలే" అంది. భూమి ఎవరిదైతేనేం, అవ్వకు ఇప్పటికీ తెగని తగాదా ఆ కుండే.

సాయంత్రం అవ్వను బండి మీద కూర్చోబెట్టుకొని చేనుకు పోయాం. మామను పిలిచాం. అవ్వ కర్రతో గెట్టు మలుపులో ఒక రాయి చూపించింది. సగం మట్టిలో కూరుకుపోయి, మేమంతా కాలు తుడుచుకునే రాయి అది. బాపు గడ్డపార అందుకోబోతే మామ ఆపాడు. "నువ్వాగు బావా. కబ్జా వార్త రాసిన చెయ్యే తవ్వాలె." తవ్వాను. మోచెయ్యి లోతుకు ఏమీ లేదు. "అత్తా, కుండ మీద మనుసు వడి కలగన్నవా?" అన్నాడు మామ. "తవ్వుమను, మాట్లాడకు" అంది అవ్వ. ఇంకో జానెడు పోయాక గడ్డపార మొనకు నల్లటి పొడి అంటింది. చేత్తో తీస్తే బొగ్గులు, వేలి ముక్కలంత, నిన్న పొయ్యిలోంచి తీసినట్టు మెరుస్తున్నాయి. వాటి కింద ఎర్రటి పెంకులు. అవ్వ ఒక పెంకు తీసుకొని కొంగుతో తుడిచి, "గిదే. సూడుండ్రి అంచు ఎంత మందమున్నదో. గిప్పుడు దొరుకుతయా గిసొంటియి?" అంది. మామ ఒక బొగ్గు ముక్కను అరచేతిలో వేసుకొని చాలాసేపు చూశాడు. "మా నాయిన చెయ్యి ఇది" అన్నాడు. తర్వాత దాన్ని తిరిగి గుంతలో వేసి, చేతులు దులుపుకొని, "కప్పు అల్లుడా. గట్టిగ తొక్కు, బూట్లతోనే తొక్కు" అన్నాడు. బాపు ఏదో అనబోయాడు. "ఊకో బావా. బోరు నీదే. కానీ నా కొడుక్కు నేనేమని జెప్పాలె? రోజుకో గంట నా దిక్కు పైపు ఇడువు. కూరగాయలు ఏసుకుంట. నిమ్మలంగ తింట." బాపు రెండు గంటలన్నాడు. గంటే చాలని మామ, లేదు రెండని బాపు. ఇచ్చేవాడు ఎక్కువంటే పుచ్చుకునేవాడు తక్కువనే తగాదా ఆ మండలంలో నేను చూసింది అదొక్కటే. అది వార్త కాదన్నారు మా డెస్కువాళ్లు. సవరణ వేయమని కూడా అడిగాను. పేర్లే లేని వార్తకు సవరణ ఎవరి పేరు మీద వేస్తామన్నారు.

ఇదంతా జరిగి చాలా ఏళ్లయింది. నేను మండలం దాటి జిల్లా కేంద్రానికి, అక్కడి నుంచి డెస్కుకు వచ్చాను. ఎవరైనా కొత్త విలేకరి భూమి తగాదా వార్త పంపితే, రాసేముందు ఇంట్లో ముసలివాళ్లను అడిగావా అని ఫోన్ చేస్తుంటాను. అవతల ఆ పిల్లవాడు "వాళ్లకేం తెలుసు సార్?" అంటాడు. మెడలో కార్డుతో గొర్లను తోలుకుపోయిన వాడొకడు గుర్తొచ్చి నవ్వొస్తుంది. ఆ పిల్లవాణ్ని గట్టిగా కోప్పడాలనీ ఉంటుంది, కోప్పడలేను. బాపు, మామ ఇద్దరూ కలిసి తహసీలుకు పోయి ఆ రెండు ముక్కలు మార్చుకున్నట్టు కాగితం రాయించుకుందామని ప్రతి ఏడూ అనుకుంటారు. ఒక ఏడు పత్తి తీసేది ఉందంటాడు మామ, ఒక ఏడు బత్తాయి కోతలంటాడు బాపు. నా దరఖాస్తు పుణ్యాన రెండిళ్లకూ పాసు పుస్తకాలు ఊరందరికన్నా ఆలస్యంగా వచ్చాయి, పటంలో గీత మాత్రం ఇంకా తిన్నగానే ఉంది. ఇప్పుడు నేల మీది గెట్లను కొలిచి ఊరూరికీ కొత్త పటాలు గీస్తారంటున్నారు. మా ఊరి వంతు ఇంకా రాలేదు.